బోను కాదు మామయ్యా, గూడు

అల్మాటి,
మే 12

బైసెన్‌బాయ్ మామయ్యకు సలాం.

క్షేమంగా చేరాం. చేరాం అంటే నేనూ, నా సంచీ, మీ ఇంటినుంచి నేను ఎత్తుకొచ్చిన కుక్కపిల్లా. దారిలో వాడు వ్యాను నడిపే సెయిత్ టోపీలో ఒకసారి, పక్కన కూర్చున్న ముసలమ్మ ఒళ్లో ఒకసారి పని కానిచ్చాడు. టోపీ ఉతికిస్తానన్నాను. ఉతికినా పెట్టుకోనన్నాడు సెయిత్. ఈ ఉత్తరం అతని చేతే పంపుతున్నాను కాబట్టి నెత్తిన ఏం పెట్టుకొచ్చాడో చూసి నాకు రాయి.

గుడారం బయట నిలబడి "దొంగా, దొంగా" అని నువ్వు వేసిన కేకలు ఇంకా నా చెవిలో ఉన్నాయి. మేనమామ ఇంట్లో నచ్చినదాన్ని మూడుసార్లు అడక్కుండా పట్టుకుపోయే హక్కు మేనకోడలికి ఉంది. అది నేను కల్పించింది కాదు, మన ఆచారం. చిన్నప్పుడు తెల్ల గొర్రెపిల్లను పట్టుకుపోయాను. ఇప్పుడు మైమాక్‌ను. ఇంకొక్కసారి మిగిలింది, నీ గుర్రాన్ని కాస్త దూరంగా కట్టేసుకో.

మంచి జాతి పిల్లను ఇప్పిస్తానన్నావు, నిజమే. కానీ నాకు వీడే నచ్చాడు. తల్లి అక్తోస్ మీ కాపలాకుక్కలన్నిటికీ పెద్దదిక్కు. తండ్రి ఎవరో దానికే తెలియాలి. కాళ్లు చూస్తే మీ పక్క గుడారం ఒరిన్‌బసర్ వేటకుక్క మీద అనుమానం, తల చూస్తే అచ్చం తల్లి, చెవులు మాత్రం ఏ ఇంటివో అర్థం కావడం లేదు. వంకరకాళ్లని మైమాక్ అని పేరు పెట్టావు గానీ కాళ్లు అప్పుడే తిన్నబడుతున్నాయి.

ఇక అసలు సంగతి. నేను పొద్దున థియేటరుకు వెళ్లి దుస్తులు కుట్టుకుని సాయంత్రానికి వస్తాను. మొదటిరోజు వచ్చేసరికి వీడు నా చెప్పులు, టీవీ తీగ, ఖాన్ వేషం అంగీకి కుట్టడానికి ఇంటికి తెచ్చిన బొచ్చు అంచు, అన్నీ నమిలి మంచం మీద పోగేసి దాని మీద పడుకున్నాడు. ఖాన్ వేషం వేసే ఆయన మరుసటిరోజు సగం మెడకే బొచ్చుతో సింహాసనం ఎక్కాడు. అది చాలదన్నట్టు నేను లేనంతసేపూ వీడు ఏడ్చాడట. ఇంటి ఓనరు ఫైనా ల్వోవ్నా మా కింద అంతస్తులోనే ఉంటుంది. ఆవిడ పైకొచ్చి, "అమ్మాయ్, ఇంకోసారి ఆ ఏడుపు వినబడిందంటే కుక్కా నువ్వూ ఇద్దరూ సామాను సర్దుకోండి" అని చెప్పి వెళ్లింది. గొంతు కూడా పెంచలేదు. అందుకే భయమేసింది.

టీకా వేసిన డాక్టరమ్మ ఉపాయం చెప్పింది. ఇనుప కడ్డీల పెట్టె ఒకటి కొనమంది, పెద్దయ్యాక కూడా సరిపోయేంత పెద్దది. ముందు తలుపు తీసే ఉంచి లోపల తిండి పెట్టాలి. తనంతట తాను వెళ్లాలి, తొయ్యకూడదు. తర్వాత కాసేపు తలుపు వెయ్యాలి, ఆ కాసేపు మెల్లగా పెంచుకుంటూ పోవాలి. అప్పుడు అదే వాడి ఇల్లవుతుందట. నిన్ననే కొన్నాను. వాడు లోపలికి తల పెట్టి, మూకుడులో మాంసం తిని, వెనక కాళ్లు మాత్రం బయటే ఉంచాడు. సగం ఒప్పుకున్నట్టే.

అత్తకు ముద్దులు.

నీ హక్కుదారు,
తొర్గిన్


మేతకొండ నుంచి,
జూన్ 3

తొర్గిన్‌కు మేనమామ ఆశీస్సులు.

గొర్రెల్ని కొండమీదికి తోలుకొచ్చాం. గడ్డి బాగుంది. సెయిత్ నెత్తిన వాళ్లావిడ రుమాలు కట్టుకొచ్చాడు.

నా కళ్లజోడు మీద మీ అత్త కూర్చుంది. కళ్లజోడే తన కింద దూరిందని ఆమె వాదన. కాబట్టి నీ ఉత్తరం ఆమె చదివింది, నేను విన్నాను. మీ అత్త చదవడం నీకు తెలుసు కదా. నచ్చిన చోట గట్టిగా, నచ్చని చోట గొణుగుతూ చదువుతుంది. "ఇనుప కడ్డీలు" అన్నచోట గుడారం అదిరిపోయింది.

ఏం నేరం చేశాడే వాడు, బోనెక్కించావు? చెప్పు కొరికితే చెప్పు ఎత్తిపెట్టుకోవాలి. మా తాత కుక్కను కట్టేసి ఎరగడు, మా నాన్న ఎరగడు, నేను ఎరగను. అక్తోస్ మంచు కురిసినా ఆరుబయటే పడుకుంటుంది. దాని కొడుకు వెళ్లి పట్నంలో ఖైదీ అయ్యాడు. ఇదేనా చదువుకున్నవాళ్ల పద్ధతి?

ఇంకో తమాషా విను. మీ అత్త చదువుతున్నప్పుడు ఒరిన్‌బసర్ బయట గుర్రానికి జీను బిగిస్తున్నాడు. అతని చెవిలో పడ్డవి ఐదు ముక్కలే. తొర్గిన్, థియేటరు బొచ్చు, ఇనుప కడ్డీలు, తలుపు వెయ్యాలి, ఏడుపు. ఆ ఐదూ పట్టుకుని పై గుడారాల దాకా వెళ్లాడు. సాయంత్రానికి ముసలి ఉల్బోసిన్ పళ్లెం నిండా బూరెలు పట్టుకుని వచ్చి, మీ అత్తను కావలించుకుని కూర్చుంది.

"ఎంతకాలం వేశారమ్మా?" అంటుంది.

"ఎవరికి?"

"మీ తొర్గిన్‌కి. థియేటర్లో ఏదో బొచ్చు పోయిందంట గదా. పిల్ల అట్టాంటిది కాదు తల్లీ, ఎవరో ఇరికించుంటారు."

మీ అత్తకు విషయం అర్థమయ్యేసరికి బూరెలు సగం అయిపోయాయి. నువ్వు జైల్లో లేవని చెప్పి పంపాం. ముసలామె నమ్మలేదు. పరువు కోసం దాస్తున్నామనుకుంది. నిన్న మళ్లీ వచ్చి, లోపలికి ఉన్నిమేజోళ్లు పంపనిస్తారా అని అడిగింది.

బోను అమ్మేసి కుక్కను కుక్కలా పెంచు. మీ అత్త ఎండబెట్టిన పెరుగు కుర్త్ ఉండలు మూట కట్టి పంపుతోంది, సన్నబడ్డావేమోనని. నిరుడు కుట్టిన ముక్కల దుప్పటి కూడా. అది నీకోసం, మంచి రోజు వచ్చినప్పుడు పరుచుకోవడానికి అని చెప్పమంది.

నీ మామ,
బైసెన్‌బాయ్


అల్మాటి,
జూన్ 19

మామయ్యా,

బోను కాదు మామయ్యా, గూడు. నువ్వు ఇంకోసారి బోను అని రాస్తే నేను నీ గుడారాన్ని గొర్రెల దొడ్డి అని రాస్తాను. ఆలోచించు, నీ గుడారంలోనూ కర్రల జాలీ ఉంది, తలుపుంది, పైన గుడ్డ ఉంది. వర్షమొస్తే నువ్వు అందులో దూరుతావా లేదా? నిన్నెవరైనా ఖైదీ అన్నారా?

ఉల్బోసిన్ అవ్వకు నా తరఫున చెప్పు, మేజోళ్లు పంపించమని. ఈ ఇంటి నేల చాలా చల్లగా ఉంటుంది.

అత్తకు ఒక సంగతి చెప్పాలి, కోప్పడకుండా ఉంటేనే చదవమను. కుర్త్ అయిపోయింది. నేను తిన్నవి కొన్నే. మైమాక్ గూట్లోకి వెళ్లడానికి మాంసం కంటే అత్త చేతి ఉండకే లొంగుతున్నాడు. చిన్న ముక్క లోపలి మూలకు విసిరితే చాలు, వెనక కాళ్లు కూడా లోపలికి వచ్చేస్తున్నాయి. డాక్టరమ్మకు తెలిసి, కుక్కకు అంత ఉప్పేమిటని నన్ను చీవాట్లు పెట్టింది. ఇక దుప్పటి. గూటి మీద ఏదైనా కప్పితే లోపల చీకటిగా ఉండి నిద్రపోతాడట. ఇంట్లో వేరే గుడ్డ లేక అదే కప్పాను. అత్తా, మంచి రోజు అంటే నువ్వేమనుకున్నావో నాకు తెలుసు. కానీ వాడు ఏడవకుండా పడుకున్న రోజే నాకిప్పుడు మంచి రోజు.

అంత సులువుగా ఏమీ జరగలేదు. తలుపు వేసిన మొదటిసారి నేను పక్క గదిలోకి వెళ్లగానే అందుకున్నాడు. అరిచేటప్పుడు తలుపు తీయకూడదు. ఒక్క క్షణం ఊరుకున్నా సరే, అప్పుడే తీయాలి. లేకపోతే అరిస్తే తలుపు తెరుచుకుంటుందని నేర్చుకుంటాడు. నేను ఓర్చుకోలేక పరిగెత్తుకెళ్లి తీశాను. రెండోసారీ అంతే. మూడోసారికి వాడు నా వంక చూస్తూ, తీరిగ్గా కూర్చుని, మొరిగాడు. తలుపు తీయించుకోవడం ఎలాగో వాడికి వచ్చేసింది. నేనే చదువులో వెనకబడ్డాను.

మళ్లీ మొదటినుంచి మొదలెట్టాను. తలుపు వేసి పక్కనే కూర్చుని కుట్టుకునేదాన్ని. తర్వాత గుమ్మం దగ్గర. తర్వాత బయట మెట్ల మీద. అక్కడ కూర్చుని రాణిగారి జాకెట్టుకు పూసలు కుడుతుంటే ఫైనా ల్వోవ్నా పైకొచ్చింది.

"నీ ఇంటి బయట నువ్వు కూర్చున్నావేం?"

"లోపల వాడు ఒంటరిగా ఉండటం నేర్చుకుంటున్నాడండీ."

"మరి నువ్వేం నేర్చుకుంటున్నావు?"

నేను ఇంకో పూస గుచ్చాను. ఆవిడ వెళ్లిపోయింది. వెళ్లగొడుతుంది కాబోలు అనుకున్నాను. కాసేపటికి స్టూలు పట్టుకుని వచ్చి, "రాతి మెట్టు మీద కూర్చోకు, నడుం పట్టేస్తుంది" అంది. ఇప్పుడు నేను కొట్టుకు వెళ్లినప్పుడు ఆవిడే కింద గోడకు చెవి పెట్టి వింటోంది. తిరిగొచ్చి మెట్ల కింద నిలబడతాను. వాడు ఊరుకోగానే ఆవిడ గరిటెతో నీళ్ల గొట్టం మీద కొడుతుంది. అప్పుడు నేను పైకి పరిగెత్తి తలుపు తీస్తాను. మా మెట్ల వాళ్లంతా మాకేదో అయిందనుకుంటున్నారు.

నీ కళ్లజోడు కొలత రాసి పంపు.

తొర్గిన్


మేతకొండ నుంచి,
జులై 8

అమ్మాయ్,

కుర్త్ సంగతి చదివి మీ అత్త పాలు కాచడం మొదలెట్టింది. తర్వాత ఉప్పు లేకుండా వేరే వాయి చేసింది. చేస్తున్నంతసేపూ "కుక్కకి వంట చేసే రోజొచ్చింది నాకు" అంటూనే ఉంది. చేసిందైతే బాగా ఎండబెట్టి మరీ చేసింది.

నీ పద్ధతేమిటో చూద్దామని నేనూ మొదలెట్టాను. పాత పిండిపెట్టె ఒకటుంటే మూత తీసి పక్కకు పడుకోబెట్టి, లోపల ఎముక వేసి, అక్తోస్‌ను పిలిచాను. అది పెట్టెను చూసింది, నన్ను చూసింది, కొండ వైపు తిరిగి పడుకుంది. ఇంకో ఎముక వేశాను. ఒరిన్‌బసర్ గుర్రం మీదినుంచి అడిగాడు.

"బైసెకే, ఏంది, కుక్కకి ఇల్లు కడతన్నావా?"

"పాఠం చెబుతన్నా."

"ఎవరికి?"

ఆ పూటంతా నేను పెట్టె పక్కన బోర్లా పడుకుని చేయి లోపల పెట్టి ఊరిస్తూనే ఉన్నాను. చివరికి ఒక మేకపిల్ల వచ్చి లోపల పడుకుంది. ఇప్పుడు అది దాని ఇల్లు. దగ్గరికెళ్తే కుమ్ముతోంది. నీ డాక్టరమ్మను అడుగు, మేకల విషయంలో పద్ధతేమిటో.

నవ్వుకున్నావు కదా. ఇప్పుడు ఒక మాట చెబుతాను, విను. కుక్కకు ఆ పెట్టె బాగానే ఉందేమో, నాకు తెలియదు. నాకు దిగులు నీ గురించే. ఆ పెద్దమనిషి నిన్ను వదిలి వెళ్లినప్పటినుంచి నువ్వు ఒకరింటికి వెళ్లింది లేదని, ఒకరు నీ ఇంటికి వచ్చింది లేదని మీ అమ్మ చెప్పింది. థియేటరు, ఇల్లు, కుట్టుమిషను. కుక్కకు బోను ఇప్పుడు కొన్నావు గానీ, నీ బోను నువ్వు ఎప్పుడో కొనుక్కున్నావు. ఇద్దరూ చెరొక పెట్టెలో కూర్చుంటే ఎవరి తలుపు ఎవరు తీస్తారు?

సెప్టెంబరులో గొర్రెల్ని దించేటప్పుడు నేను పట్నం వచ్చి మైమాక్‌ను తెచ్చేసుకుంటాను. నువ్వు మూడో హక్కు కింద ఏం కావాలంటే అది పట్టుకుపో, గుర్రమైనా సరే. వాణ్ణి మాత్రం వదిలెయ్.

మీ మామ


అల్మాటి,
జులై 22

మామయ్యా,

కుక్క గురించి నువ్వు ఏం రాసినా నవ్వాను. మేకపిల్ల సంగతి ఫైనా ల్వోవ్నాకు కూడా చదివి వినిపించాను. మిగతాది ఆవిడకు చదవలేదు.

అవును, నేను ఎవరింటికీ వెళ్లడం లేదు. వెళ్తే ముందు జాలిగా చూస్తారు, తర్వాత టీ పోస్తారు, తర్వాత అతని గురించి అడుగుతారు. మీ గుడారంలో ఆ వారం రోజులూ ఎవరూ అడగలేదు. నువ్వు అడగలేదని నీ మీద నాకెంత ప్రేమ కలిగిందో నీకు తెలియదు. అడగకుండా లోపల దాచుకుని ఇప్పుడు కాగితం మీద పెట్టావు.

నువ్వు సెప్టెంబరులో రావద్దు. మైమాక్‌ను ఇవ్వను. మూడో హక్కు నాకు అక్కర్లేదు.

తొర్గిన్


మేతకొండ నుంచి,
ఆగస్టు 10

తొర్గిన్ తల్లికి,

ఇక్కడ వానలు. ఒక గొర్రెకు కాలు విరిగితే కట్టు కట్టాను, నడుస్తోంది. మేకపిల్ల పెట్టెలో ఇప్పుడు రెండు మేకపిల్లలున్నాయి.

మీ అత్త నాతో మాట్లాడటం మానేసింది. టీ ఇస్తుంది, మాట ఇవ్వదు. నేను జులైలో రాసిన ఉత్తరం ఆమెకు వినిపించకుండా పంపాను. నీ జవాబు మాత్రం ఆమే చదవాల్సి వచ్చింది. చదివి, మడిచి, నా ముందు పెట్టి, "ఏం రాశావు దానికి?" అంది. చెప్పాను. "ఇల్లు దాటి మన దగ్గరికి వచ్చిన పిల్ల ముఖం మీద తలుపు వేశావు" అంది. అదే ఆఖరు మాట.

నిజం చెబుతాను. వాణ్ణి తెచ్చేసుకుంటానన్నది వాడి మీద జాలితో కాదు. మే నెలలో నువ్వు వచ్చి వెళ్లాక ఇల్లు బోసిపోయింది. మీ అత్త పడుకునే ముందు ఇంకో పరుపు వేసి, మళ్లీ గుర్తొచ్చి చుట్టేసేది. వాడు మా దగ్గరే ఉంటే చూడటానికైనా వస్తావు కదా అనుకున్నాను. ఆ ముక్క రాయడానికి సిగ్గేసి, నీకు నీతులు రాశాను. పెద్దవాణ్ణి కదా, నీతులైతే ఎన్నైనా వస్తాయి.

మైమాక్ నీవాడే. హక్కు ప్రకారం తీసుకున్నది తిరిగి అడగడం మా ఇంట్లో ఎవరూ చేయలేదు, నేనూ చేయను. మూడో హక్కు అక్కర్లేదని మాత్రం అనకు. అది వదులుకోవడానికి నీకు అధికారం లేదు.

ఉప్పు లేని కుర్త్ పంపుతున్నాం. ఉప్పున్నవి వేరే మూటలో ఉన్నాయి, అవి నీకు. మూటలు మార్చుకోకు.

బైసెన్‌బాయ్

మీ అత్త ఇప్పుడే ఉత్తరం చదివి, "బూరెలు కూడా పెట్టానని రాయి" అంది. మాట్లాడింది.


అల్మాటి,
ఆగస్టు 31

మామయ్యా,

ముందే అలా రాసుంటే ఇద్దరికీ ఒక నెల కలిసొచ్చేది. సరే, అయిపోయింది. మూటలు మారలేదు. ఫైనా ల్వోవ్నా మాత్రం ఉప్పు లేనివి తిని, అత్త వంటలో ఉప్పు వేయడం మరిచిపోయిందని నాతో రహస్యంగా చెప్పింది.

మైమాక్ ఎంత ఎదిగాడో చూస్తే నువ్వు పేరు మార్చేస్తావు. నిలబడితే నా నడుం దాకా వస్తాడు. ఇప్పుడు "గూటికి" అంటే చాలు, వెళ్లి తోక కూడా జాగ్రత్తగా లోపలికి లాక్కుని పడుకుంటాడు.

నువ్వు రాసినందుకు కాదుగానీ, మొన్న నేను బయటికి వెళ్లాను. మా థియేటర్లో టోపీలు కుట్టే షోల్పాన్ పుట్టినరోజు. ప్రతిసారీ పిలుస్తుంది, ప్రతిసారీ ఏదో వంక చెబుతాను. ఈసారి వంక చెప్పబోతే, "కుక్కను వదిలి రాలేనంటావు, అంతేగా" అంది. కుక్క బాగానే ఉంటాడు కదా అని నాకే అనిపించింది. వెళ్లాను. ఎవరూ అతని గురించి అడగలేదు. అందరూ కుక్క గురించే అడిగారు. పాటలు కూడా పాడాను, నా గొంతు నీకు తెలుసు కదా, అయినా ఎవరూ లేచి వెళ్లలేదు.

తిరిగొచ్చి చూస్తే గూటి తలుపు బార్లా తీసి ఉంది. గడియ వేయడం మరిచిపోయాను. రాణిగారి ముసుగు, కొత్త చెప్పులు, అన్నీ చెక్కుచెదరకుండా నేల మీదే ఉన్నాయి. వాడు గూట్లోనే ఉన్నాడు. తలుపు తీసే ఉన్నా లోపలే పడుకున్నాడు, మామయ్యా. నన్ను చూసి ఒక కన్ను తెరిచి, మళ్లీ మూసుకున్నాడు. నేను గూటి ముందు నేల మీద కూర్చుని కాసేపు ఏడ్చాను. ఎందుకో అడక్కు.

దిగేటప్పుడు దారిలో జాగ్రత్త. అత్త మోకాళ్లు ఎలా ఉన్నాయి?

తొర్గిన్


అల్మాటి,
సెప్టెంబరు 20

మామయ్యా,

సెయిత్ వ్యాను తీసేస్తున్నాడు, నిలబడే రాస్తున్నాను. నిన్న మధ్యాహ్నం భూమి కదిలింది. పెద్దది కాదు, ఎవరికీ ఏమీ కాలేదు. నేను ఇంట్లోనే ఉన్నాను. మైమాక్ గదిలో తిరుగుతున్నాడు, గూట్లో లేడు. దీపం ఊగగానే అందరూ మెట్ల మీద పడ్డారు, నేనూ వాడి మెడపట్టీ పట్టుకుని పరిగెత్తాను. ఎవరో నన్ను తోశారు, మెడపట్టీ చేతిలోనే ఉండిపోయింది. వాడు లేడు.

నిన్నటినుంచి వెతుకుతున్నాం. దొరకలేదు. నీకు ఫోను కలవలేదు.

తొర్గిన్


చలికాలపు మకాం నుంచి,
అక్టోబరు 7

తొర్గిన్ తల్లికి,

నీ దగ్గరినుంచి ఇంటికి చేరాను. దారిలో సెయిత్ కొత్త టోపీ చూపించాడు. నువ్వు కుట్టినదట, మంచి పనితనం. మీ అత్త మోకాళ్లు అలాగే ఉన్నాయి.

ఆ రోజు జరిగినదాంట్లో సగమే నీకు చెప్పాను. మిగతా సగం ఫైనా ల్వోవ్నా చెప్పేస్తుందేమోనని భయంగా ఉంది. ఎవరికీ చెప్పనని మాటిచ్చింది గానీ, మాటిస్తున్నప్పుడు నవ్వింది. ఆవిడ నోట వినేకంటే నా ఉత్తరంలో చదవడం మేలు.

నీ ఉత్తరం అందగానే బయల్దేరి నేను వచ్చేసరికి నువ్వు కళ్లు వాచిపోయి ఉన్నావు. డాక్టరమ్మ వాడి గూడు ఆరుబయట పెట్టి చూడమందని చెప్పావు. దాన్ని నేనే కిందికి మోసుకెళ్లి చెట్టుకింద పెట్టాను. నువ్వు కుక్క తప్పిపోయిందన్న కాగితాలు అంటించడానికి బజారు వైపు వెళ్లావు. ఇంతవరకూ నీకు తెలుసు.

గూట్లో మీ అత్త దుప్పటి పరిచి ఉంది. వాసన చూస్తే సబ్బు. పాపం ఫైనా ల్వోవ్నా ఏదో ఒక సాయం చేద్దామని అంతకుముందే ఉతికి ఆరేసిందట. వాడి వాసన ఒక్కపిసరు కూడా మిగల్లేదు. సబ్బు వాసనకు ఏ కుక్క వస్తుంది? అందుకని నా గొర్రెతోలు కోటు విప్పాను. పుట్టినప్పుడు చలికి వాణ్ణి చుట్టింది ఆ కోటులోనే. దాన్ని లోపలి మూల దాకా పరవాలనుకున్నాను. చేయి అందలేదు. తల పెట్టాను. భుజాలు పట్టాయి. నేను పొట్టివాణ్ణని మీ అత్త నలభై ఏళ్లుగా అంటూనే ఉంది, ఆ రోజు రుజువైంది. పూర్తిగా లోపలికి వెళ్లి కోటు పరిచి, వెనక్కి రాబోతే నా బెల్టు కడ్డీకి తగులుకుంది. అటూ ఇటూ లాగాను. రాలేదు. సరే, ఎలాగూ లోపలున్నాను కదా అని, ఈతల కాలంలో కుక్కల్ని పిలిచే పిలుపు పిలిచాను. ఓయ్ ఓయ్ అని సాగదీసి. మీ వీధిలో కిటికీలన్నీ తెరుచుకున్నాయి.

ముందు వచ్చింది ఫైనా ల్వోవ్నా. చేతిలో టీ గిన్నె.

"బైసెన్‌బాయ్ గారూ, మీరు లోపలెందుకున్నారు?"

"కోటు పరుస్తున్నానమ్మా."

"అది నేను బయటినుంచే పరిచేదాన్ని కదా."

ఆమె ఇంకా ఏదో అనబోతుండగా కారు షెడ్ల వెనకనుంచి బురదముద్ద ఒకటి వచ్చింది. తోక కాళ్ల మధ్య. పొట్ట నేలకు ఆనించి పాకుతున్నాడు. నన్ను గుర్తుపట్టాడో, కోటును గుర్తుపట్టాడో, ఆ కడ్డీల్ని గుర్తుపట్టాడో నాకు తెలియదు. ఒక్కసారిగా లేచి దూకి నా మీదినుంచే లోపలికొచ్చాడు. వాడి మోచెయ్యి నా పక్కటెముకల్లో, వాడి మూతి నా చెవి కింద. మీ ఓనరమ్మ ఏం చేసిందనుకున్నావు? చటుక్కున తలుపు వేసి గడియ పెట్టింది.

"అమ్మా, నేను లోపలున్నాను" అన్నాను.

"తెలుసు. వాడు మళ్లీ పారిపోతాడు."

"తలుపు తియ్యండి."

"కంగారుపడకండి."

అప్పుడు నేను అరిచాను. సైన్యంలో నేర్చుకున్న రష్యన్ మాటలు కూడా కొన్ని వాడాను. ఆవిడ స్టూలు జరుపుకుని కూర్చుని, టీ ఊదుకుంటూ చాలా మర్యాదగా చెప్పింది.

"అరిచేటప్పుడు తలుపు తియ్యకూడదండీ. మీ మేనకోడలే నేర్పింది నాకు. ఊరుకోండి, తీస్తాను."

ఊరుకోక చేసేదేముంది? ఊరుకున్నాను. ఊరుకున్నాకే తెలిసింది, వాడు వణుకుతున్నాడని. పైనుంచి కింది దాకా వణుకు. నేను కదలకుండా పడుకున్నాను. కొంతసేపటికి వాడి ఊపిరి నెమ్మదించింది. తల నా భుజం మీద వాల్చాడు. ఒక్కో కాలే వదులైంది. వాడికి అంతకన్నా ఏమీ అక్కర్లేదని అప్పుడు నాకు తెలిసింది. చుట్టూ అంత చోటున్నా నేను మాత్రం ఆ కొద్ది చోటులోనే ఉండిపోయినా ఫరవాలేదనిపించింది. నీతో చెప్పుకోవడానికి ఇప్పుడు సిగ్గు లేదు.

ఆవిడ గడియ తీసింది. బెల్టు కూడా తప్పించింది. నేను బయటికొచ్చి స్టూలు మీద కూర్చుని, ఆవిడ టీ తాగేశాను. అప్పుడు నువ్వు వచ్చావు. "వాడే వచ్చాడు" అని చెప్పాను. అబద్ధం కాదు.

ఇంకొక్క సంగతి రాసి ముగిస్తాను. ఇంటికి రాగానే వాకిట్లో అక్తోస్ ఎదురొచ్చింది. ఎప్పుడూ ఒకసారి చూసి తన దారిన పోయేది, ఈసారి నా కోటు వాసన చూసి ఆగిపోయింది. మోచేయి దగ్గర, మెడ దగ్గర, మళ్లీ మోచేయి దగ్గర. నేను ఒక్క అడుగు వేస్తే ఒక్క అడుగు వేసింది. కోటు విప్పి నేల మీద వేశాను. దాని చుట్టూ తిరిగి తిరిగి, ముక్కు కోటు చేతిలోకి దూర్చి, దాని మీదే పడుకుంది. పనులన్నీ చూసుకుని వచ్చినా లేవలేదు. గాలి కోసేస్తోంది. లాక్కోవడానికి చెయ్యి రాలేదు.

కోటు లేకుండానే లోపలికి వెళ్లాను.

"కోటేది?" అంది మీ అత్త.

తలుపు తీసి చూపించాను. ఆమె గుమ్మంలో నిలబడి చూసింది, చలిలో అంతసేపు నిలబడే మనిషి కాదు. తర్వాత తలుపు వేసి, పొయ్యిలో ఇంకో కట్టె పెట్టి, "ఉండనీ దాన్ని. నీకు వేరేది కుడతాలే" అంది.

నీ మామ,
బైసెన్‌బాయ్